వెనకబడ్డ పని

కాలేజీలో కంప్యూటర్ పాఠాలు చెప్పే అతను ఆస్పత్రి మెట్ల మీద భార్య పక్కన కూలబడ్డాడు. "చాలా ఆలస్యం చేశారు" అన్న డాక్టరు మాట ఇంకా చెవుల్లోనే ఉంది.

"పొద్దున్న క్లాసులో ఏటి సెప్పేరు?" అంది ఆమె.

"పాతకాలం కంప్యూటర్ల గురించి. ఒకేసారి నాలుగు పనులు నడపడం అప్పుడే నేర్సుకున్నాయి. అర్జెంటు పని ముందు. రోజూ ఏదో అర్జెంటు వచ్చీసేది. వెనకున్న పనికి వంతే వచ్చేది కాదు."

"మరేటి సేసేరు?"

"ఏ పని ఎంత ఎదురుసూస్తే దాన్ని అంత ముందుకి జరిపేరు."

"నాను రొమ్ములో గడ్డుందని సెప్పినప్పటికి ఈ పాఠం మీకు తెలుసా?"

"ప్రతి ఏడూ సెప్తన్న పాఠమే."

ఆమె చేతిలోని రిపోర్టులు మడిచి సంచి అడుగున పెట్టింది.

"మన పిల్ల దేవిశ్రీకి ఇప్పుడే సెప్పకండి. ముందు దాని పరీక్షలు అవనీండి."