సూపర్‌వైజర్ గొంతు

ఆ ఐసు సంచి మోకాలి మీంచి తియ్యకు డెరిల్. అలా కారు అద్దంలోంచి బయటికి చూస్తూ కూర్చుంటే ఎలారా? తిట్టు. కొట్టినా సరే.

ఏంటీ, నా తప్పేం లేదా? అలా మాత్రం అనకు బాబూ. దానికన్నా తలుపు తీసుకుని దిగి పోవడం నయం.

రూలు పెట్టుకున్నది మనమే కదా! ఈ గే బూతు సినిమాల్లో నేనెప్పుడూ సూపర్‌వైజర్‌నే. నువ్వు నలభై దాటినా కొత్తగా చేరిన కూలీవే. చూసేవాళ్లకి అదే కావాలి. ఒకడు అరవాలి, ఒకడు తల దించాలి. నువ్వు "వద్దు సార్, ప్లీజ్ సార్" అంటే నటన. "లెస్టర్" అని నా అసలు పేరు పిలిచావంటే మాత్రం అన్నీ ఆగిపోవాలి. పొద్దున కాఫీ తాగుతూ మళ్లీ అనుకున్నాం కూడా.

మరి ఇవాళ? ఇంకా చొక్కా గుండీ కూడా విప్పలేదు. ఆ గోడౌన్ సిమెంటు నేల మీద నిన్ను మోకాళ్ల మీద కూర్చోబెట్టాను. సీను అదే కదా. ఆపరేషనయిన మోకాలాయె. "లెస్టర్, ఒక్క నిమిషం" అన్నావు. మెల్లగా.

నేనేమన్నాను? "ఉద్యోగం కావాలా, వద్దా?" అని నీ భుజం నొక్కి పట్టాను. నువ్వేమో "సరే సార్" అన్నావు! ఎందుకన్నావురా అలా?

ఆ గొంతు నాదనుకున్నావా? ఈ సినిమాల్లోకి రాకముందు ఫ్రెస్నో ఊళ్లో పళ్ల షెడ్డులో నేను పెట్టెలు మోసేటప్పుడు, మా సూపర్‌వైజర్‌ది. బాత్రూముకి వెళ్తానన్నా అదే మాట. వాడి ముందు నేను తలెత్తింది లేదు. ఇప్పుడేమో కెమెరా ముందు ఆ సూపర్‌వైజర్ హెల్మెట్ పెట్టుకుంటే చాలు, మగాడంటే వీడే అంటారు జనం. ఇంట్లో పిల్లి కూడా నా మాట వినదు, నీకు తెలుసుగా.

పైగా ఆ డైరెక్టర్ వాన్స్ చప్పట్లు! "డెరిల్ కళ్లలో భయం అచ్చం నిజంలా ఉంది. ముందే అనుకున్నారా?" అన్నాడు. అనుకున్నాం అన్నాను. నీ ఎదురుగానే.

వాన్స్‌కి ఇప్పుడే ఫోన్ చేస్తాను. ఆ ముక్క తీసెయ్యమంటాను. నన్నింక పిలవకపోతే మానె. చెయ్యనా? వద్దా? ఎందుకు వద్దు? చూశావా, కొంచెం గట్టిగా అడిగేసరికి మళ్లీ తల ఊపేస్తున్నావు!

నాకు వినపడలేదేమోనని సర్దుకుంటున్నావు కదూ? వినపడింది డెరిల్. నా పేరు శుభ్రంగా వినపడింది. నీ భుజం వణకడం నా చేతికి తెలిసింది.

ఆపాలనిపించింది కూడా. ఆపలేదు. ఎందుకంటే... నువ్వు భయపడుతుంటే నాకు బాగుందిరా.