కన్నీళ్ళు వస్తాయా అని అడిగిన కాగితం

"అవ్వా, మళ్ళీ తాళం బొమ్మ పడిందే! ఈ పేపరు పూర్తిగా చదవాలంటే డాలర్లు కట్టమంటా ఉండాది."

కట్టబాకమ్మణ్ణీ, కట్టబాక! తాళం బొమ్మను సూసి బెదిరిపోతే ఎట్ల? ముందు మీ యూనివర్సిటీ లైబ్రరీ గుండా పోయి సూడు. వాళ్ళు చందా కట్టుంటే దానంతటదే తెరుచుకుంటాది. లేదంటే లైబ్రరీ సారుకు రాయి, ఆయనే ఇంకో ఊరి లైబ్రరీని అడిగి తెప్పిస్తాడు... ఏందట్ల నోరు తెరుచుకోని సూస్తావు? సూళ్లూరుపేట సంతలో ఎండు చేపలు అమ్ముకున్న ముసల్దానికి ఇదంతా ఎట్ల తెలుసు అనా? తెలుసుమే. తిరుపతిలో నర్సు చదువు నువ్వొక్కదానివే చదివినావా? ఆ తాళం బొమ్మను నేను నువ్వు పావడా కట్టుకోని తిరిగేటప్పుడే సూసినాను. రా, కూసో. ముందు నా సుక్కల సీసా ఇట్టియ్యి, కండ్లు ఇసక పోసినట్టు గరగరమంటా ఉండాయి. ఆ... ఇప్పుడు బాగుండాది.

మీ తాత పోయిన మరుసటేడు... కాదు కాదు, ఆ ఏడే. వానలు తగ్గి, మన పులికాట్‌లోకి ఆ పొడుగు కాళ్ళ పిట్టలు దిగినాయి సూడు, ఆ రోజులు. తెల్లారి మెలకువొచ్చింది. మీ నాయన బయట పండ్లు తోముకుంటా ఉండాడు, పక్కింట్లో పొయ్యి రాజేస్తా ఉండారు, అంతా ఇనపడతా ఉండాది. లేద్దామంటే కాళ్ళు లేవు. అంటే ఉండాయిలే, దుప్పటి కింద కనపడతానే ఉండాయి, నావి మాత్రం కావు. నొప్పి లేదు, తిమ్మిరి లేదు. పడవలో ఎల్లకిలా పడుకుంటే నీళ్ళు మనల్ని వాటి పాటికి అవి తీసకపోతాయి గదా, అట్ల ఉండాది. నవ్వబాకమే, మొదట్లో నాకు భయం కూడా ఏయలేదు. బాగుండాదే అనుకున్నాను! మధ్యాన్నానికి మెల్లంగా వచ్చినాయి కాళ్ళు. లేచి, మొగం కడుక్కోని, ఎండు నెత్తళ్ళ చేపల బుట్ట ఎత్తుకోని రైలెక్కినాను. అప్పుడు రైలు చార్జీ ఎంతనుకున్నావు, ఒక టీ తాగినంత. బుట్టకు టికెట్టు లేదని ఆ టీసీతో రోజూ తగవే... సరే, ఆ ముచ్చట ఇంకోటిలే.

మళ్ళ వచ్చింది. మళ్ళ పోయింది. తెల్లారితే పోతాయి, పొద్దెక్కితే వస్తాయి. గాలి సోకిందన్నారు. పాస్టరయ్య నూనె రాసి ప్రార్థన చేసినాడు. ఈడ డాక్టరు నరాల బలహీనత అన్నాడు. మద్రాసుకు తీసకపోతే ఆడ పెద్ద డాక్టరు, మొగుడు పోయిన దిగులమ్మా, మనసు కుదురుకుంటే కాళ్ళు కుదురుకుంటాయి అన్నాడు.

దిగులంటే... ఇది నీకెవరూ చెప్పుండరు. మీ తాత పోయిన రోజు మన వాకిట్లో ఆడోళ్ళంతా గుండ్రంగా కూసోని, భుజాల మింద చేతులేసుకోని ఒప్పారి, అదే సావు పాట, పాడతా ఉండారు. ఒకరు ఎత్తుకుంటే ఇంకొకరు అందుకుంటారు గదా. నడాన నేను. నా నోట్లోంచి మాట వస్తా ఉండాది, కండ్లల్లోంచి సుక్క రాలేదు. ఒక్క సుక్క రాలేదమ్మణ్ణీ. మా ఆడబిడ్డ, అదే మీ తాత చెల్లెలు, నా మొగాన్నే సూస్తా ఉండాది. "మా అన్నకు రాయిని కట్టబెట్టినాము" అనింది. అందరూ ఇన్నారు. నా లోపల పులికాట్ అంత ఏడుపు ఉండాది. ఆయనంటే నాకెంత ఇష్టమో యాడ చెప్పుకునేది? నేనే అనుకున్నాను, నిజంగా రాయినే ఏమో అని.

ఇంగ ఒక తెల్లారి కాళ్ళతో పాటు చేతులు కూడా పోయినాయి. మెడ ఎత్తలేకపోయినాను. మీ నాయన ఎత్తుకోని తిరుపతి పెద్దాసుపత్రికి తీసకపోయినాడు. ఆడ రక్తం తీసి సూసి, ఒంట్లో పొటాషియం అనే ఉప్పు అడుగంటిపోయిందన్నారు. సూది గుండా అదే ఎక్కించినారు, లేచి కూసున్నాను. అయితే నాలుగు దినాలకు మళ్ళ తగ్గిపోయింది. పోసిన ఉప్పు పోసినట్టే యాడికో పోతా ఉండాది, ఎందుకు పోతా ఉండాదో తెలీదు. "కారణం దొరక్కపోతే, ఈసారి ఊపిరి కూడా ఆగొచ్చు" అని వాకిలి దగ్గర డాక్టరు మీ నాయనకు చెప్తా ఉంటే ఇన్నాను. వాడు తువ్వాలు నోట్లో కుక్కోని ఏడ్చినాడు. వాడికన్నా వచ్చినాయి కన్నీళ్ళు, అనుకున్నాను.

ఆ వార్డులో ఒక చిన్న డాక్టరమ్మ, మదనపల్లె బిడ్డ. మంచం మింద కూసోని మాట్లాడేది, అట్లాంటోళ్ళు తక్కువ. ఒక మధ్యాన్నం "అవ్వా, లైబ్రరీకి పోయొస్తాను, నీ జబ్బు గురించి యాడన్నా ఎవరన్నా రాసుండారేమో సూస్తాను" అనింది. నా జబ్బు గదా, నేను రాకుంటే ఎట్లమ్మా అన్నాను. ఆ పిల్ల పక్కున నవ్వి, సరే కాళ్ళకు కూడా మంచిదేలే అని, చెయ్యి పట్టుకోని నడిపించుకోని పోయింది.

ఆ లైబ్రరీ... నాకిప్పటికీ కలలో వస్తాది. సల్లంగా ఉండాది లోపల. పిల్లోళ్ళు అంతమంది కూసోనున్నా చప్పుడు లేదు. సలికాలం పొద్దున మంచులో మన చెరువు ఉంటాది సూడు, పిట్టలన్నీ తలకాయలు వంచుకోని, ఎవరి మేత వాళ్ళది, అట్ల. నేను చెప్పులు వాకిట్లోనే ఇడిచినాను. అక్కడి సారు, నెరిసిన మీసాలాయన, "ఏసుకోమ్మా, ఏం కాదు" అన్నాడు. నేను ఏసుకోలేదు.

డాక్టరమ్మ కంప్యూటర్లో 'కాళ్ళు పడిపోవడం' అని కొట్టింది. గంపలు గంపలు వచ్చి పడినాయి. సారు వంగి సూసి, "ఇన్ని చదివేలోపు పేషంటు ముసల్ది అయిపోతాది" అన్నాడు. అయిపోయే ఉండాను గదా అన్నాను. నవ్వినాడు. "ఇంకో మాట జత చేయాలమ్మా. ఈమెకు ఇంకేముండాది?" వల కన్ను పెద్దదైతే మనక్కావల్సిన చేప జారిపోతాది, మరీ చిన్నదైతే చెత్తంతా వస్తాది, అంతే కదా సారూ అన్నాను. ఆయన, అంతేనమ్మా అన్నాడు. డాక్టరమ్మ నా కేసు కాగితాలన్నీ తిరగేసింది. ఏమీ లేదు. అవ్వా, ఇంకేమన్నా ఇబ్బంది ఉండాదా అని అడిగింది. ఏమీ లేదమ్మా, రొన్ని నీళ్ళుంటే ఇప్పియ్యి, నోరు పిడచగట్టుకోని పోయింది అన్నాను.

నీళ్ళు లోపలికి తేకూడదంట, అది ఆడ రూలు. బయటికి పోదాం రా అని లేచిన పిల్ల, అట్లే నిలబడిపోయింది. "ఇప్పుడే గదా అవ్వా, వార్డులో చెంబుడు తాగొచ్చినావు?"

"మా ఊర్లో అందరికీ అంతేనమ్మా. ఉప్పు గాలి, ఎండు చేపల కూడు. ముద్దకొక గుటక నీళ్ళు పోస్తేనే దిగేది."

"అందరికీనా?"

ఆ మాటకు నేను ఒక్కొక్కర్నే తలుసుకున్నాను. అందరికీనా? మీ తాత నీళ్ళు తాక్కుండానే సంగటి అంతా తినేసేవాడు. మా ఆడబిడ్డా అంతే. మరి నాకెవరు చెప్పినారు అందరికీ అని? మా ఇండ్లల్లో ఎవురు దప్పికన్నా, కండ్లు మండినా, ఉప్పుకు అంతేలే అనేస్తారు. నేనూ అదే అనుకున్నాను, ఏండ్లు ఏండ్లు. ఏ డాక్టరుకూ చెప్పలేదు. చెప్పాల్సిన సంగతి అనుకుంటే గదా చెప్పేది!

సారు ఆ 'నోరు ఎండిపోవడం' కూడా జత చేసినాడు. గంపలు పోయి గుప్పెడు మిగిలినాయి. వాటిల్లో ఒకటి ఒక్క మనిషి మింద రాసిందంట. డాక్టరమ్మ పైనుండే నాలుగు ముక్కలు చదివి నాకు తెలుగులో చెప్పింది. సముద్రాలకవతల ఏదో దేశం, నాకు నోరు తిరగదు. నా ఈడు ఆడమనిషి. పొలం పని. తెల్లారితే కాళ్ళు పడిపోతాయి, నోరు ఎండిపోతాది. పేరు రాయలేదు, పేర్లు రాయకూడదంట. నాకు ఒళ్ళు జలదరించిందమ్మణ్ణీ. ఈ భూమ్మింద ఇంకొకతి ఉండాది నాలాగా!

"ఆమె బతికిందా?" అన్నాను.

"అది తాళం అవతల ఉండాదవ్వా" అనింది.

సూసినాను ఆ బొమ్మను అప్పుడే. ఆ పిల్ల తన కార్డు తీసి కట్టబోయింది. సారు చెయ్యి అడ్డం పెట్టి, "కట్టబాకమ్మా, లైబ్రరీ ఉండేది దేనికి? మన దగ్గర ఈ పత్రికకు చందా లేదు, ఉండే లైబ్రరీని అడుగుతాను. వాళ్ళూ లేదంటే రాసినోళ్ళనే అడగొచ్చు, అడుగున వాళ్ళ అడ్రసు ఉంటాది. అడిగితే సంతోషపడతారు" అన్నాడు.

ఆ ఎదురుసూసిన దినాలు... ఏం చెప్పేది. మగతగా పడుకోనుండేదాన్ని. ఆ కాగితంలో ఆమె వచ్చేది. మన రేవులో పడవ పక్కన నిలబడేది, కాళ్ళకు మట్టి, ఎండకు నల్లబడిన మొగం. భాష రాదు గదా ఇద్దరికీ, ఊరికే సూసుకునేవాళ్ళం. నీళ్ళ చెంబు ఇస్తే నేను తాగి ఆమెకిచ్చేదాన్ని. మెలకువొస్తే నా కాళ్ళు ఉండేవి కావు. ఆమె బతికుంటే నేనూ బతుకుతాను అని పెట్టుకున్నాను మనసులో. పిచ్చిదాన్ని అనుకో.

కాగితం వచ్చింది. డాక్టరమ్మ నడుస్తానే చదువుకుంటా వార్డులోకి వచ్చింది. నా మంచం దగ్గర ఆగి, తలెత్తి, ఏమడిగిందో తెలుసునా?

"అవ్వా, నీకు కన్నీళ్ళు వస్తాయా?"

అన్ని ఆసుపత్రులు తిరిగినాను, ఎవురూ అడగలేదు. ఒప్పారి సంగతి, ఆడబిడ్డ మాట, అంతా చెప్పేసినాను. ఆ పిల్ల నా చెయ్యి పట్టుకోని, "నువ్వు రాయివి కాదవ్వా, ఇది జబ్బు" అనింది. మన ఒంట్లో కాపలా కాసేదే మన మింద తిరగబడి, కన్నీటి ఊటను, ఎంగిలి ఊటను ఎండబెడతాదంట. మూత్రపిండాలను కూడా చెడగొడితే, ఉప్పంతా బయటికి పోతాదంట, అందుకే కాళ్ళు పడిపోయేది. పరీక్షలు చేసినారు, అదే. మందులిచ్చినారు. కండ్లకు ఈ సుక్కలు. మా ఆడబిడ్డ సూడ్డానికొస్తే డాక్టరమ్మే కూసోబెట్టి చెప్పింది. అది నా ఒళ్ళో తలకాయ పెట్టి ఏడ్చింది సూడు... నా కన్నీళ్ళూ అదే ఏడ్చేసిందిలే, ఆ రోజు.

కాగితంలో ఆమె సంగతి అడిగినాను. మందులిచ్చినాక నడుచుకుంటా ఇంటికి పోయింది, మళ్ళ ఆసుపత్రికి రాలేదు, అని రాసుండాది.

"అంతేనా?"

"అంతే అవ్వా. ఆడికి కాగితం అయిపోయింది."

అదెట్లమే? నడుచుకుంటా పోయిన మనిషి ఏమైనట్టు? డాక్టరమ్మ తర్వాత నా మింద కూడా రాస్తానని సంతకం అడిగింది. పెట్టినాను. నేను బతికే ఉన్నానని రాయమ్మా, ఎవరన్నా అడుగుతారు అన్నాను. ఈ రోజు వరకే రాయగలం అవ్వా అనింది. ఆ పిల్ల ఉద్యోగానికి యాడికో పోయింది, మంచి బిడ్డ.

అప్పట్నించీ తెల్లారి మెలకువొస్తే కండ్లు తెరవను. ముందు కాలి వేళ్ళు ఆడించి సూసుకుంటాను. ఆడితే, దేవా, ఆమెవి కూడా ఆడనీ అనుకోని అప్పుడు లేస్తాను. నువ్వు తాళం అనగానే ఆ సారు చెప్పింది గుర్తుకొచ్చింది, రాసినోళ్ళ అడ్రసు అడుగున ఉంటాదని. వెతుకుమే ఆ కాగితాన్ని. కాళ్ళు పడిపోవడం, నోరు ఎండిపోవడం, రెండూ కొట్టు. లైబ్రరీ గుండా పో.

"...దొరికిందవ్వా, తెరుచుకుంది కూడా! ఇప్పుడు మన యూనివర్సిటీకి ఇది వస్తా ఉండాది. అడుగున డాక్టరు ఈమెయిలు కూడా ఉండాది."

సూసినావా. అయితే ఇట్ల రాయి. అయ్యా, నువ్వు రాసిన కాగితం తిరుపతిలో ఒక మనిషిని బతికించింది. ఆ మనిషి బాగుండాది, నడుస్తా ఉండాది, మనవరాలి పక్కన కూసోనుండాది. మీ మనిషి ఎట్లుండాది? అని రాయి. అంతే చాలు. జవాబు రాకపోతే రాకపోనీ, మన సంగతన్నా తెలుస్తాది వాళ్ళకు.

పోయిందా? ఇంత బిన్నా, ఇంత తొందరగానా? ఈడ మాపైతే ఆడ తెల్లారతాదని డాక్టరమ్మ చెప్పింది. అయితే ఆ కాగితంలో ఆమె ఇప్పుడే లేస్తా ఉంటాది... కండ్లు తెరిచుండదు ఇంకా. వేళ్ళు ఆడించి సూసుకుంటా ఉంటాది, నాలాగే... నీ కండ్లు తడిసినాయే, బిడ్డా? తుడుచుకోబాక, ఉండనీ. నీ కండ్లల్లో ఆ తడి ఎన్నటికీ ఆరకుండా ఉండాల, సల్లంగా బతకాల నువ్వు...