కొంగుముడి విప్పే జవాను

మొగిలిదిబ్బ కాడి చౌటిబావి దగ్గరికి ఎవరూ పోరు, మీకు తెలిసిందే, గొడ్లు గూడా పోవు. దాని మీదికి వంగిన చింతచెట్టుంది చూశారూ, దాని కాయలు రాలి ఆడే మురిగిపోతాయి గానీ ఏరుకునే నాథుడు లేడు. చింతకాయంటే ఎగబడే ఊరు గదా మనది, మరి అదేందని ఎప్పుడన్నా అడిగారా? అడగరు. కాయలు ఒలవండి, చేతులు ఆపితే చెప్పను. కరెంటు ఎటూ ఇప్పట్లో రాదు. ఈ కథ చెప్పీ చెప్పీ నాకు విసుగు పుట్టింది, అయినా మళ్ళీ చెబుతున్నా, ఎందుకంటే మొన్న మన సామ్రాజ్యం లేదూ, ఈ పిల్ల, దగ్గర దారి గదా అని దీపాలేళప్పుడు అటు బడి వచ్చిందంట. నవ్వుతావేందే? నీకు నవ్వుగానే ఉంటది.

ఆ బావి ఒకప్పుడు తియ్యటి నీళ్ళ బావి. పక్కనే పర్ర, అదే ఆ ఉప్పుబురద నేల, దానికి ఆవల సముద్రం, అయినా నీళ్ళు కొబ్బరినీళ్ళ మాదిరి ఉండేవంట, ఊరు ఊరంతా ఆడికే బిందెలెత్తుకుని పోయేదంట. ఇంక ఉప్పంటారా, మన పల్లెలో ఉప్పు ఎవరూ చెయ్యక్కర్లా. పోటుకి నీళ్ళు ఎక్కి పర్రలో నిలబడి, ఆ నీళ్ళు ఎండకి ఆరిపోయి, అదే పొరగట్టుద్ది, చేటతో ఎత్తుకొచ్చుకోవడమే. తాతల నాటి నుంచీ అంతే. దొరల రాజ్యం వచ్చినాక అది దొంగతనం అయింది. సముద్రం ఇచ్చింది ఎత్తుకుంటే దొంగతనం ఎట్టా అవుద్దని మీరు నన్నడిగితే, నేను పోయి ఎవర్ని అడగాల? ఉప్పు కావాలంటే సర్కారోళ్ళు కొటార్లో పెట్టి అమ్మే ఉప్పే కొనాల, పర్రలో పొరగట్టిందాన్ని జవాన్లు బురదలోకి తొక్కెయ్యాల, అదీ చట్టం. తొక్కడానికి దొర వస్తాడా? ఆ ఎండలో దొరకేం పని? మనోళ్ళకే కాకీ గుడ్డలూ తోలు బెల్టూ ఇచ్చి, చేతిలో కర్ర పెట్టి నిలబెట్టాడు.

అట్టా నిలబడ్డ వాళ్ళల్లో పున్నయ్య ఒకడు. పున్నయ్యంటే ఎవరనుకున్నారు, మా అత్త అంకమ్మకి సొంత అన్న. అమ్మా నాయనా కలరాలో పోతే చెల్లెల్ని వీపునేసుకుని పెంచాడు, పెళ్ళి గూడా తనే చేశాడు, కాబట్టి చెడ్డోడని నేననను, మా అత్త గూడా ఏనాడూ అనలా. వానల్లేక చేలు ఎండిపోతే ఆ కొలువులో చేరాడు. చేరినాక ఊళ్ళోవాళ్ళు నీళ్ళకాడ పలకరించడం మానేశారంట. మనోడే గదా చూసీ చూడనట్టు పోతాడులే అని మొదట్లో అనుకున్నారు, వాడేమో మనోడు అనిపించుకుంటే కొలువు పోద్దని అందరికంటే గట్టిగా ఉన్నాడు. భయం, ఇంకేం లేదు.

మా అత్తకి తొలికాన్పు మగబిడ్డ. బతికుంటే నా మొగుడికి అన్నయ్యేవాడు. బొడ్డు ఊడకముందే జ్వరమొచ్చి పొద్దు వాలే వేళకి పోయాడు. మా మామ వేటకి పోయి సముద్రం మీదున్నాడు, ఇంట్లో ఉన్నది ముసలి అత్తా, ఈ పచ్చిబాలింతా. పసిబిడ్డని కాల్చరు గదా, పూడుస్తారు, పూడ్చేప్పుడు కిందా పైనా ఉప్పు పొయ్యాల, లేకపోతే నక్కలొచ్చి తవ్వుతాయి. ఇంట్లో చూస్తే కుండలో ఉప్పు అడుగంటింది. ముసలామె చుట్టుపక్కల ఇళ్ళకి పోయి అడిగింది. అడిగితే ఏమన్నారో తెలుసా? దీపాలు పెట్టేశాం, ఇప్పుడు ఉప్పు గడప దాటిస్తే లక్ష్మి పోద్దన్నారు. దొరల్ని తిట్టుకుంటాం గానీ, ఆ మాటన్నది దొరలు కాదు, మీ ముత్తవ్వలూ మా అవ్వలూ.

అప్పుడు మా అత్త లేచింది. పచ్చిబాలింత గడప దాటగూడదని ముసలామె అడ్డం పడినా వినలా. పర్రలోకి పోయి, మసక వెలుతుర్లో చేతుల్తో పొర గీరి, కొంగులో పోసుకుని ముడేసుకుని, బావి పక్కగా వస్తుంటే ఎదురుగా పున్నయ్య. వాడొక్కడే ఉంటే ఈ కథే లేదు. పక్కన ఇనస్పెక్టరున్నాడు, ఆయనా తెలుగోడే, టౌను నుంచి తనిఖీకి వచ్చాడు. కొంగులో ఏందని పున్నయ్య అడిగాడు. బిడ్డ పోయిన సంగతి వాడికి అప్పటిదాకా తెలవదు.

"అన్నా, బిడ్డ పోయాడు. పూడ్చడానికి" అందంట.

పున్నయ్య ఇనస్పెక్టరు మొహంలోకి చూశాడంట. ఆయన అవుననలా, కాదనలా, ఊరికే చూస్తా నిలబడ్డాడు. అడిగితే వదిలేవాడేమో, ఆయనకి మాత్రం బిడ్డల్లేరా? పున్నయ్య అడగలా. సర్కారు ఉప్పు తింటున్నాను, ముడి విప్పమ్మా అన్నాడు. ఆమె విప్పలా. వాడే చెయ్యేసి విప్పి, పట్టుకున్నదాన్ని మళ్ళీ ఎవరూ ఎత్తుకోకుండా చెయ్యాలని చట్టం గదా, అంతా బావిలో పోసేశాడు.

బిడ్డని ఉప్పు లేకుండానే పూడ్చి పైన రాళ్ళు పెట్టారు. తెల్లారి ఆడ ఏముందో నేను చెప్పను, పిల్లలున్నారు. ముందు చూసింది పున్నయ్యే, వాడి గస్తీ అటే గదా. చూసి నేరుగా బావికాడికొచ్చి చేద దించి నీళ్ళు తోడటం మొదలుపెట్టాడంట. తోడి నోట్లో పోసుకుని చూడటం, పారబొయ్యడం, మళ్ళీ తోడటం. పోసిన ఉప్పు మళ్ళీ పైకి వస్తదా, పిచ్చి గాకపోతే? పొద్దు గూకేసరికి చేద ఒక్కటే గట్టు మీదుంది, వాడు లేడు. జారాడో, దూకాడో. ఆ తర్వాత నీళ్ళు ఉప్పుగా మారినయ్యి. కొంగెడు ఉప్పుకి బావంతా ఎట్టా మారుద్దని అడగబాకండి, మారింది, అంతే. అదిగో ఆనాటి నుంచీ దీపాలేళ ఆ పక్కగా పోయే ఆడమనిషి కొంగుముడి దానంతటదే ఊడొస్తది. వక్కలో బెల్లమో అయితే కిందపడతాయి. ఉప్పయితే కిందపడదు, పోద్ది.

దొరలు పోయిన ఏడు నేను కొత్తకోడల్ని. జెండా ఎగరేసి పప్పుబెల్లాలు పంచినాక, మునసబుగారు డప్పు వాయించుకుంటా బావికాడికి పోయి, పున్నయ్యా, నీ దొరలు పోయారు, నువ్వింక కొలువు దిగి పోరా నాయనా అని కేకేశాడు. నాలుగు రోజులకే మళ్ళీ ఎవరిదో ముడి ఊడింది. మునసబు చెబితే వాడెందుకు దిగుతాడు, బెల్టున్నోడు చెప్పాల అన్నారు. కొత్త సర్కారు జవాను వస్తే ఆయన్ని బతిమాలారు. అదే కాకీ, అదే బెల్టు. ఆయన నవ్వి, వాడు నా కింద మనిషి కాడు, నాకేం సంబంధం అన్నాడు.

అప్పుడు మా అత్త, నేను పోతానంది. బిడ్డకి ఇన్నేళ్ళకయినా ఉప్పు పొయ్యాల, వాడి చేత్తో వాడు నన్ను వదలాల, అప్పుడు గానీ వాడు దిగడు అంది. బజార్లో పట్టపగలు కొన్న ఉప్పు, ఏ చట్టానికీ దొంగసొత్తు కాదు. కొంగున ముడేసుకుని, నన్ను తోడు తీసుకుని, దీపాలేళ బావి పక్కగానే నడిచింది. చింతచెట్టు కిందికి రాగానే తోలు వాసన కొట్టింది, ఎండకి చెమటకి నానిన బెల్టు వాసన. మా అత్త ఆగి, ముడి మీద చెయ్యేసి పట్టుకుంది.

"అన్నా, నేను అంకమ్మని. ఇది నీ మేనల్లుడిది. పట్టమనే వాళ్ళు పోయారు, నన్ను పోనియ్యి" అంది.

ఏడుపు వినపడింది. మగమనిషి ఏడుపు, నోట్లో గుడ్డ కుక్కుకుని ఏడ్చినట్టు. చాలాసేపు ఏడ్చాడు. నాకు గూడా కళ్ళనీళ్ళు తిరిగినయ్యి, పోన్లే, వదిలేస్తాడనుకున్నా. ఆ ఏడుపు ఆగకుండానే ఆమె వేళ్ళు ఒక్కొక్కటే ఎవరో తీసినట్టు తెరుచుకున్నయ్యి, ముడి ఊడింది, బావిలో ఉప్పు పడ్డ చప్పుడు విన్నాను. ఈ చెవుల్తోనే విన్నాను.

ఇంటికొచ్చాం. పాపం, గుర్తుపట్టలేదేమో అత్తా అన్నాను నేను, ఏదో ఒకటి అనాలని. గడపలో కూలబడి, "గుర్తుపట్టాడే. గుర్తుపట్టే పోశాడు" అంది. ఆ తర్వాత బతికినన్నాళ్ళూ కూట్లో ఉప్పేసుకోలా.

అదీ సంగతి. కాబట్టి నాలుగడుగులు ఎక్కువైనా రోడ్డెంబడే తిరిగి పోండి. మనోడే గదా, బతిమాలుకుంటే వింటాడులే అని మాత్రం ఒక్కరు గూడా అటు పోబాకండి.