ఒక్క పిలుపు

మిట్టమధ్యాహ్నం మైపాడు తీరంలో మనిషి అలికిడి లేదు. వాకిట్లో వల బాగుచేసుకుంటున్న పరంజ్యోతి భార్య ముందు ఊరి స్టేషన్ హెడ్ కానిస్టేబుల్ వచ్చి నిలబడ్డాడు.

"చెన్నై పోలీసులు ఇప్పుడే స్టేషన్‌కి వచ్చినారమ్మా. బోటు దొంగతనం కేసులో పారిపోయొచ్చిన మీ ఆయన్ని అప్పగించమంటున్నారు."

"నిన్ననే పట్టుకుపోయినారు గదా సార్!"

"నిన్న ఎవరూ రాలా. పక్క రాష్ట్రమోళ్ళు ఇక్కడ మనిషిని పట్టుకోవాలంటే ముందు మాకు చెప్పాల. నెల్లూరు కోర్టులో నిలబెట్టి, జడ్జిగారు సరేనంటేనే తీసకపోవాల."

"ఆ సంగతి ఆయనకీ తెలుసు సార్. బయట ఎవరో అరవంలో మాట్లాడతా ఉంటే, మన పోలీసు లేందే తలుపు తీయనన్నాడు."

"మరెందుకు తీసినాడు?"

"మీరు పిలిచినారు గదా, పరంజ్యోతీ అని."

"నేనా? నిన్నంతా నేను గూడూరులో ఉన్నా!"

"గొంతు మీదే సార్. ఒక్కసారే పిలిచింది. దెయ్యమైతే ఒక్కసారే పిలుస్తది, మూడుసార్లు పిలిస్తేగాని పలకబాకండిరా అని మా అత్త చెప్తానే ఉండేది. ప్రార్థన చేసుకునేవాళ్ళకి ఇట్టాంటి భయాలేందని ఈయన నవ్వేవాడు. మొదటి పిలుపుకే 'వస్తన్నా సార్' అన్నాడు."

"ఏ బండిలో పోయినారు?"

"బండి లేదు సార్. ఇసకలో ఆయన అడుగులొక్కటే ఉన్నాయి, నీళ్ళదాకా."

అప్పుడే సముద్రం వైపు నుంచి ఎవరో హెడ్ కానిస్టేబుల్‌ని పేరు పెట్టి పిలిచారు.

"ఇదేంది, మీ ఆయన గొంతే గదమ్మా!"

"పలకబాకండి సార్. ఇంకా రెండుసార్లు పిలవనీండి."

ఇద్దరూ ఊపిరి బిగబట్టి విన్నారు. రెండో పిలుపు రాలేదు.