సముద్రాన్ని ఆపిన డైలాగు

మా మావగారు వోల్డెమార్స్ సినిమాల్లో జర్మన్ ఆఫీసరు. మా రీగాలో కాస్త పొడుగ్గా, నీలం కళ్ళతో కనిపించిన ప్రతి నటుడికీ మాస్కో సినిమావాళ్ళు ఆ యూనిఫారమే తొడిగేవారు. శనివారం ఆవిరిస్నానం అయ్యాక తువ్వాళ్ళు చుట్టుకుని, వరండాలో బీరూ ఎండుచేపలూ ముందేసుకుంటే చాలు, ఆయన షూటింగు కబుర్లు మొదలెట్టేవారు. ఆ శనివారం మా బ్రష్షుల ఫ్యాక్టరీలో పనిచేసే కార్లిస్‌ని నేనే తీసుకెళ్ళాను. అతనికి పుట్టుకతో చూపు లేదు. "సినిమాలో ఆ గొంతున్న మనిషిని ఒక్కసారి కలపవయ్యా" అని ఏడాదిగా నా ప్రాణం తీస్తున్నాడు.

"నాది చిన్న వేషమే. ఒకటే డైలాగు, 'ఎవడూ కదలొద్దు!' అని. అన్నాను. ఎదురుగా వస్తున్న ట్యాంకు టక్కున ఆగిపోయింది!" అన్నారు మావగారు.

"ఇంజను పాడైందేమో అన్నా," అన్నాడు పక్కింటి డోనాట్స్.

"నోర్మూసుకుని విను. డ్రైవరు దిగి చేతులెత్తేశాడు, వాడు మనవాడేరా! వెనకాల ఎర్రసైన్యం మొత్తం తుపాకులు పారేసింది. ఆ తర్వాత ఏమైందో తెలుసా? అడవవతల పోయే గూడ్సు ఆగింది. బజారుకెళ్తే ముసలమ్మ నాకు బంగాళాదుంపలు అమ్మనని మొహాన ఉమ్మింది, అంత నమ్మించానన్నమాట! ఇక సముద్రం సంగతి చెప్పనా? ఒడ్డుకొచ్చే అల అలాగే నిలబడిపోయింది. యూనిట్ అంతా దాని నీడలో భోంచేశాం."

"ఏం తిన్నారు?" అన్నాడు డోనాట్స్.

"చేపలు. అలలోంచి చేత్తో తీసుకున్నాం."

అందరికంటే గట్టిగా నవ్వింది నేనే. కార్లిస్ నవ్వలేదు.

"అయ్యా, ఆ మాట ఒక్కసారి అనండి."

మావగారు లేచి, తువ్వాలు సర్దుకుని, అరిచారు. కార్లిస్ తల పక్కకి వాల్చి విన్నాడు. మళ్ళీ అనమన్నాడు. మళ్ళీ అరిచారు.

"ఆ సినిమాకి హాల్లో ఎన్నిసార్లు కూర్చున్నానో," అన్నాడు మెల్లగా. "నాకు బొమ్మ లేదు కదా, గొంతే సినిమా. ఆ గొంతు వింటే నిజంగానే ఊపిరి బిగబట్టేవాణ్ణి. అది మీది కాదండీ."

ఎవరూ బీరు ముట్టుకోలేదు. తీసుకొచ్చింది నేను కాబట్టి నాకు చచ్చేంత సిగ్గేసింది.

"మా రీగావాళ్ళ రష్యన్‌లో యాస ఉందని..." మావగారు నసిగారు. "లెనిన్‌గ్రాడ్‌లో మా డైలాగులకి వేరేవాళ్ళ చేత డబ్బింగ్ చెప్పిస్తారు. మా అందరికీ అంతే."

"పర్లేదండీ. ఆయనెవరో చెప్పండి, వెళ్ళి కలుస్తాను."

మావగారి చెవులు ఎర్రబడ్డాయి. తువ్వాలు మెడదాకా లాక్కున్నారు.

"తెలీదు బాబూ," అన్నారు. "ఇన్నేళ్ళూ, ఇన్ని సినిమాల్లో, నా నోట్లోంచి ఆయనే మాట్లాడాడు. పేరేంటని ఎవర్నీ అడగలేదు."