అడిగి ముట్టుకునే మాస్టారు

నన్నంటారేంటి వదినా? పిల్లకి ఆ మాట నేను నేర్పానా? నా మీద ఒట్టు, నేను నేర్పలేదు. ముందా బ్యాగు కింద పెట్టండి. వచ్చి పూటైనా కాలేదు, అప్పుడే బట్టలు సర్దేసుకుంటే ఎలా?

తెలుసు, మీకు కష్టంగానే ఉంటుంది. అంత దూరం నుంచి బస్సులో కుదుపులు తింటూ వచ్చారు. గుమ్మంలో అడుగు పెడుతూనే మనవరాల్ని వాటేసుకొని ముద్దు పెట్టబోయారు. అదేమో రెండు చేతులూ అడ్డం పెట్టి, "అడక్కుండా ముద్దేంటి అమ్మమ్మా?" అనేసింది. వేలెడంత పిల్ల! అదీ పక్కింటావిడ ముందు! నాకే తల కొట్టేసినట్టయింది, ఇక మీకెలా ఉంటుంది?

కానీ నేర్పింది నేను కాదు. దాన్ని సెలవులకి ఇక్కడ దింపి వెళ్లిన మా అమ్మాయి కూడా కాదు. సాక్షాత్తూ మీ తమ్ముడు!

ఆఁ, మీ ముద్దుల తమ్ముడే. నమ్మరు కదా? ఇంకెవరైనా చెబితే నేనూ నమ్మను. ఇలా కూర్చోండి. ఆయన బజారు నుంచి వచ్చేలోపు మొత్తం చెప్పేస్తాను. విన్నాక కూడా వెళ్తానంటే నేనే బస్సెక్కిస్తాను, సరేనా?

మీ తమ్ముడి చేతుల సంగతి మీకు నేను చెప్పాలా? ఒకచోట ఉండే చేతులా అవి? మాట మొదలెట్టాలంటే ఎదుటివాళ్ల భుజం తట్టాలి. నవ్వొస్తే తొడ చరచాలి. ఆయన తొడ కాదు, పక్కవాళ్లది. పెళ్లైన కొత్తలో మా నాన్న ఏదో జోకేస్తే, "భలే చెప్పారు మామయ్యా!" అని వీపు మీద ఒక్కటిచ్చారు. మా నాన్న కట్టుడుపళ్లు వెళ్లి కాఫీ కప్పులో పడ్డాయి. ఆ పూట నుంచి ఈయన వస్తున్నారంటే చాలు, మా నాన్న గోడకి ఆనుకొని కూర్చునేవాడు.

అలాంటి మనిషి ఒకటో తరగతి మాస్టారు. ఇక చెప్పేదేముంది! మా వంటింటి కిటికీకి ఎదురుగానే కదా ఆయన క్లాసు, మధ్యలో నడుమెత్తు గోడ. అన్నీ కనబడతాయి, అన్నీ వినబడతాయి. పొద్దున్నే క్లాసు గుమ్మంలో నిలబడేవారు. వచ్చిన ప్రతి ఒక్కళ్లకీ ఏదో ఒకటి పడాల్సిందే. ఒకడికి జుట్టు చెరపడం, ఒకడికి వీపు మీద చరుపు, ఇంకోదాన్ని ఎత్తి గిర్రున తిప్పడం. వాళ్లూ తక్కువ తిన్లేదు, పంచదార ముద్దకి చీమలు పట్టినట్టు ఆయన మీదికి ఎగబాకేవాళ్లు.

అదిగో, అప్పుడొచ్చింది కొత్త రూలు.

పిల్లల భద్రత గురించి చెప్పడానికి బడికి ఒకావిడ వచ్చిందిట. మాస్టర్లనీ టీచర్లనీ అందర్నీ కూర్చోబెట్టి చెప్పింది. పిల్లల్ని ఒళ్లో కూర్చోబెట్టుకోకండి. బుగ్గలు గిల్లకండి. ముద్దులు పెట్టకండి. తలుపు మూసుకొని ఒక్క పిల్లతో ఉండకండి. చెయ్యి పట్టి అక్షరం దిద్దించాలన్నా ముందు అడగండి, సరే అంటేనే పట్టుకోండి.

బాగానే చెప్పింది కదా? నాకూ అలాగే అనిపించింది. కానీ మీ తమ్ముడో! గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు, ఇంటికొచ్చి అగ్గి మీద గుగ్గిలమైపోయారు. "నన్ను అనుమానిస్తారా? ఈ చేతులతో ఎన్ని ముక్కులు తుడిచాను! ఎన్ని లాగులు మార్చాను!"

"మిమ్మల్ని ఒక్కర్నే అన్లేదు కదండీ, అందరికీ చెప్పింది" అన్నాను.

"అందరిలో నేను లేనా?" అని నా మీదికి లేచారు.

మొండివాడు రాజుకంటే బలవంతుడని ఊరికే అన్నారా? మర్నాటి నుంచి రూలు పాటించడం మొదలెట్టారు. పాటించడమంటే భక్తితో అనుకునేరు! కక్షతో.

క్లాసులో అటూ ఇటూ నడిచేటప్పుడు రెండు చేతులూ పైకెత్తి నడవడం, పోలీసులకి దొరికిపోయిన జేబుదొంగలా. ఎవడి ముక్కైనా కారితే స్కేలు చివర రుమాలు కట్టి దూరం నుంచి అందించడం. బూటు లేసు ఊడితే, ముట్టుకోకుండా నోటితో పాఠం: "కుడి తాడు తీసుకో... అది ఎడమ నాయనా... ఇప్పుడు దాని కిందనుంచి..." అలా చెప్పగా చెప్పగా ఒక పిల్లాడు రెండు బూట్లూ కలిపి ముడేసుకొని, లేచి, బోర్లా పడ్డాడు.

పైగా వెటకారం. "అయ్యా, తమరి చొక్కా బొత్తాం పెట్టవచ్చునా?" అని వంగి అడిగేవారు. వాళ్లు పిల్లలు వదినా, పిడుగులు! వద్దంటే మాస్టారు ఆగిపోతారని పసిగట్టేశారు. ఇంకేముంది? ఏదడిగినా క్లాసు క్లాసంతా ఒకటే గొంతు, "వద్దూ!" పుస్తకం తియ్యమంటారా? వద్దు! పలక మీద రాయమంటారా? వద్దు! నా చెవుల్లో జోరీగలు దూరినట్టు పొద్దస్తమానం అదే కేక.

ఇలా ఉండగా ఒకనాడు, ఆ క్లాసులో సుడిగాలి అని ఒకడున్నాడు లెండి, మీ తమ్ముడు పెట్టిన పేరే, వాడు కుర్చీ వెనక చెక్కల సందులో తల దూర్చాడు. దూరిన తల రాలేదు. వాడు గుక్కపట్టి ఏడుస్తుంటే ఈయన పక్కన చేతులు కట్టుకొని నిలబడి, "నాయనా, నీ తల ముట్టుకోవచ్చునా?"

వాడు "ఊఁ ఊఁ" అని ఏడుపు.

"ఊఁ అంటే అవునా, కాదా? స్పష్టంగా చెప్పు."

నాకు ఒళ్లు మండిపోయింది. గరిటె పట్టుకొనే కిటికీలోంచి అరిచాను, "వాడి తల తియ్యండి ముందు, మీ తలనొప్పి తర్వాత!" అని. ఈలోపు హెడ్ మిస్ట్రెస్ పరుగున వచ్చింది. సబ్బునీళ్లు రాసి, చెవులు మడిచి, మెల్లగా తల బయటికి తీసింది. తీసి, ఈయన వైపు తిరిగింది.

"ప్రమాదంలో ఉన్న పిల్లాణ్ణి అడుగుతూ కూర్చోమని ఏ రూలులో ఉంది మాస్టారూ? మీకు రోషం వచ్చిందని వాడి మెడ విరగాలా?"

చెవులు కందిపోయాయి, ఈయనవీ, ఆ పిల్లాడివీ.

అంతటితో బుద్ధొచ్చిందంటారా? అబ్బే! వస్తే మీ తమ్ముడెందుకవుతారు?

అసలు సంగతి మర్నాడు జరిగింది. ఇది కాస్త మనసు పెట్టి వినండి వదినా.

ఆ క్లాసులోనే ఒక పిల్ల ఉండేది, బుగ్గల పాప అనేవారు. గుండ్రటి బుగ్గలు, ఇంత మొహంలో బుగ్గలే అంత. ఎవరితోనూ మాట్లాడేది కాదు. రోజూ గుమ్మం దగ్గరికి రాగానే రెండు చేతులతో రెండు బుగ్గలూ మూసుకొని వచ్చేది. మీ తమ్ముడేమో అదొక ఆటనుకునేవారు. "దాచేస్తే దొరకవా?" అని ఆ చేతులు తీసేసి రెండు బుగ్గలూ గిల్లేవారు. చుట్టూ ఉన్న పిల్లలు పకపకా నవ్వేవాళ్లు. కిటికీలోంచి నేనూ నవ్వేదాన్ని. ముచ్చటేసేది!

ఆ రోజు అలవాటైన వెటకారంతోనే అడిగారు. "అమ్మా మహారాణీ, తమరి బుగ్గలు గిల్లవచ్చునా?"

ఆ పిల్ల ఆగిపోయింది. ఆయన మొహంలోకి చూసింది.

"వద్దంటే గిల్లరా?"

"గిల్లను."

"రేపు కూడానా?"

"రేపు కూడా."

"అయితే వద్దు. నొప్పి."

అని చేతులు బుగ్గల మీంచి తీసేసి, ఊపుకుంటూ లోపలికి వెళ్లిపోయింది.

ఆయన మాత్రం గుమ్మంలోనే ఉండిపోయారు. గంట కొట్టారు. పిల్లలు గోల మొదలెట్టారు. అయినా కదల్లేదు.

మధ్యాహ్నం భోజనానికొచ్చి కంచం ముందు కూర్చుని, కలిపారు, మళ్లీ కంచం జరిపేశారు. మీ తమ్ముడు తిండి వదిలేయడం మీరెప్పుడైనా చూశారా? జ్వరంలో కూడా రెండోసారి వడ్డించమనే మనిషి!

"అది ఆట కాదటే" అన్నారు.

"ఏది?"

"బడి తెరిచిన దగ్గర్నుంచీ ఆ పిల్ల చేతులు అడ్డం పెట్టుకుంటూనే ఉంది. వద్దని ఇంకెలా చెబుతుంది?"

"మీ మనసులో చెడు లేదు కదండీ" అన్నాను ఓదార్పుగా.

"నా మనసు దానికెలా కనబడుతుందే? కనబడేది చెయ్యేగా."

నేను కంచం మళ్లీ ఆయన ముందుకి జరిపాను.

ఆ రూలు చెప్పినావిడ ఇంకో మాట కూడా అందిట. అప్పుడు కోపంలో చెవికెక్కలేదు, ఇప్పుడు గుర్తొచ్చిందిట. మంచివాళ్ల దగ్గర 'వద్దు' అని, ఆ మాట చెల్లడం చూసిన పిల్లే రేపు ఏ చెడ్డవాడి దగ్గరైనా ధైర్యంగా అనగలదు అని. "నేను దానికి అక్షరాలు నేర్పాననుకున్నాను. వద్దన్నా లాభం లేదని నేర్పానే, అదీ రోజూ" అన్నారు. ఆ మనిషిని అలా చూడలేకపోయాను వదినా.

మర్నాటి నుంచి వెటకారం లేదు. స్కేలు లేదు. గుమ్మంలో చేతులు జేబుల్లో పెట్టుకొని నిలబడతారు. వచ్చి చెయ్యిచ్చేవాళ్లు ఇస్తారు, నవ్వి పోయేవాళ్లు పోతారు. పడ్డవాణ్ణి లేపాలంటే గబుక్కున లేపుతారు, అడగాల్సిన చోట అడుగుతారు. ఆ తేడా తెలియడానికి ఏం పెద్ద చదువులు కావాలి? రోషం తగ్గితే చాలు.

బుగ్గల పాపా? మీరేం అనుకుంటున్నారో నాకు తెలుసు. ఒకరోజు పరుగెత్తుకొచ్చి మాస్టార్ని వాటేసుకుందనే కదా? లేదు వదినా. ఇదేమన్నా సినిమానా? ఏడాది ఆఖరుదాకా దగ్గరికి రాలేదు. పెద్ద ఆఫీసరులా తలూపి లోపలికి పోయేది. కానీ నోరు విప్పింది! పక్కవాడు పెన్సిల్ లాక్కుంటే, "నాది, ఇచ్చెయ్" అని ఇంత గొంతుతో అరిస్తే నా కిటికీలోకి వినబడింది. మీ తమ్ముడు అటు నుంచి నన్ను చూసి మురిసిపోయారు, ఆయనకేదో బహుమానం వచ్చినట్టు.

మన పిల్లకి ఆ మాట అలా వచ్చింది. దానికీ అదే నేర్పారు, పైగా "తాతయ్యకైనా సరే చెప్పొచ్చు" అని కూడా చెప్పారు. మీరూ అడిగి చూడండి వదినా. సరే అంటే మీ అదృష్టం. వద్దంటే ఊరుకోండి, ఏం కొంపలు మునిగిపోవు. అది మిమ్మల్ని కాదనలేదు. ముద్దుని కాదంది, అంతే.

సరే, ఇంత చెప్పాను కాబట్టి ఇదీ చెబుతాను. ఎవరితోనూ అనకండి.

మొన్నొక సాయంత్రం ఉల్లిపాయలు తరుగుతున్నాను. ఈయన వంటింటి గుమ్మంలోకి వచ్చి, కాసేపు నసిగి, "నీ చెయ్యి పట్టుకోవచ్చా కాసేపు?" అన్నారు. వెటకారం కాదు, నిజంగానే. ఇన్నేళ్ల కాపురంలో ఆ మాట వినడం అదే మొదలు. నాకు సిగ్గేసింది. "చేతులు ఉల్లిపాయ కంపు, ఇప్పుడొద్దు" అనేశాను.

"సరే" అని వెళ్లి పేపరు చదువుకున్నారు!

నేను సబ్బుతో చేతులు కడుక్కొని వెళ్లి పక్క కుర్చీలో కూర్చున్నాను. దగ్గాను. చెయ్యి కుర్చీ చేతి మీద పెట్టాను. తీశాను. మళ్లీ పెట్టాను. ఆయన పేజీ తిప్పుతారే గానీ! వద్దంది కదా, వద్దే. ఆ తర్వాత మళ్లీ అడగలేదు.

నవ్వకండి వదినా! నేనే అడగాలా? ఈ వయసులోనా? ఆయనా వద్దంటేనో? ఆ బుడతలు రోజూ మొహం మీదే చెబుతుంటే ఆయన ఎలా నిలబడతారో గానీ, నాకు మాత్రం ఆ ఒక్క మాటకి ధైర్యం చాలడం లేదు.

గేటు చప్పుడైంది. వచ్చినట్టున్నారు. మీరు కాసేపు డాబా మీదికెళ్లి గాలి పీల్చుకొని రండి.

ఎందుకేంటి? చేతులు కడుక్కునే ఉన్నాను.