ఖతీఫ్ ఫెడరేషన్ ఆఖరి ఫైనల్

మాట్లాడొద్దంటే ఎట్లమ్మా షాలినీ? బీపీ చూసేటప్పుడు నోరు మూసుకోవాలని నాకూ తెలుసు. ఏడాదైంది నోరు మూసుకోని. రూములో మాట్లాడేదానికి ఎవరుండారు? ఏసీ ఉంది, ఫ్రిజ్జు ఉంది. అవీ నామీద అలిగినట్ల గురగుర అంటాంటాయి.

ఎంతుంది? నూటా డెబ్బయ్యా? ఉండనీలే. ఇంగ ఎన్నాళ్ళు? బుధవారం పోతాండా. ఖురూజ్ ముద్ర కొట్టిచ్చినాడు కఫీలు, నా వీసా యజమాని. పోయి మళ్ళొచ్చేది కాదు, ఒకేసారి పోయేది. ఇరవై ఆరేండ్లు ఈ అరబ్బు దేశంలో ఆయన ఆఫీసులో కాగితాలు మోసినా. తలకింత అని సర్కారు లెవీ పెంచుకుంటా పోతే ఆయన మాత్రం ఏం చేస్తాడు? పోయినేడు పెండ్లాం బిడ్డల మీద పన్నేస్తే అమీరున్నీసాను, పిల్లోళ్ళను ఆదోనికి పంపిస్తి. ఇప్పుడు నా వంతు.

నువ్వు మాత్రం? ఏంజెల్ పాపను పాలకొల్లులో మీ అమ్మ దగ్గర వదిలిపెట్టి రాలేదా?

లెయ్యొద్దు. రోంచేపు కూర్చో తల్లీ. నమాజుకు ఆసుపత్రి కౌంటరు మూసినారు, బయట ఎవరూ లేరు. నేనా? నేను తర్వాత చదువుకుంటాలే. దేవుడు ఓర్చుకుంటాడు. నువ్వే ఓర్చుకోవాల.

నిన్న మా ఫుట్‌బాల్ ఫెడరేషన్ గది ఖాళీ చేసినా. వలలు, జెండాలు, చినిగిన జెర్సీలు, అన్నీ చెత్తబండిలో వేసొచ్చినా.

మొగం అట్ల పెట్టొద్దు. ఫుట్‌బాల్ పేరెత్తితే నీకు మంటని తెలుసు. అయినా వినాల. నీకు తెలిసింది దాని చావు. పుట్టుక నీకు తెలీదు.

తొంభై ఆరు. ఖర్జూర తోట వెనక ఉప్పు నేల. పడితే మోకాలి చర్మం దానికే. ఎనిమిది క్లబ్బులు. మలబారోళ్ళవి మూడు, హైదరాబాదోళ్ళవి రెండు, సూడానోళ్ళది ఒకటి, ఫిలిప్పీనోళ్ళది ఒకటి, మన తెలుగోళ్ళది ఒకటి. అంతకుముందు ఎవరూ ఆడలేదా? ఆడినారు. శుక్రవారం వస్తే ఎవరికి తోచినట్ల వాళ్ళు తన్నుకుంటాండ్రి. మేం చేసిందేమంటే, ఆటగాన్ని ఆటగాడని రాసినాం. రిజిస్టరు. ఫోటో. సంతకం. సంతకం రానోడికి వేలిముద్ర. ఈ సీజనంతా ఈ క్లబ్బుకే ఆడతానని ఒప్పందం. ఆడిన దినం చేతికి డబ్బుల కవరు.

ప్రొఫెషనల్ అనే మాట తెచ్చి పెట్టింది నేనేనమ్మా. నవ్వినారు. నవ్వితే నవ్వనీ! ఆరు దినాలు కాలవలో పైపులు మోసినోడు ఏడోనాడు బూటు లేసు కట్టుకుంటా, 'నేను ప్రొఫెషనల్‌ని దిలావర్ భాయ్' అంటాంటే ఆ మొగం చూడాల. పెండ్లికొడుకు మొగం గూడా అట్లుండదు.

ఒకేడు బురైదా తోటల కూలోళ్ళు నీళ్ళ ట్యాంకరెక్కి వచ్చి ఆడిపోయినారు. తబూక్ జట్టైతే ఒకటిన్నర దినం బస్సులో కూర్చోని వచ్చి, ఏడు గోల్సు తిని, దాని మీద బిర్యానీ తిని, మళ్ళా ఒకటిన్నర దినం బస్సెక్కె. ఏం సంతోషమో!

అన్నీ ఉండె. పదహారు ఛాంపియన్‌షిప్పులు జరిపిస్తిమి. పదహారు సార్లూ ఆ కప్పు ఇంకోరి చేతిలో పెట్టింది నేనే. మన క్లబ్బు ఒక్కసారీ గెలవలా. ఫెడరేషన్ సెక్రటరీని నేను, నా జట్టు గదా, వడ్డించేదే గాని విస్తరేసుకునింది లేదు.

రెండువేల పదిలో వచ్చినాడు మీ ఆయన నోయెల్.

ఏసీలు విప్పి బిగించే చేతులు. గోల్లో నిలబడితే బంతి తనంతట తాను పోయి ఆ చేతులకు అతుక్కునేది. మూడేండ్లు చూసినా. వీడుంటే ఒక్కసారైనా కప్పు మనది అనుకుంటి. ఆశ. ముసలోడి ఆశ శానా చెడ్డదమ్మా.

పదమూడులో, సొంత దేశపోళ్ళకే పనులియ్యాలని నితాఖత్ చట్టం వచ్చె. కంపెనీలకు రంగులేసినారు. ఎర్ర రంగు పడిన కంపెనీలో మనబోటోళ్ళకు ఈడ ఉండనిచ్చే ఇకామా మళ్ళా రాదు. ఒకరి వీసా మీద వచ్చి ఇంకోరి దగ్గర పనిచేస్తే నేరం. మా ఆటగాళ్ళు ముక్కాలు మంది అదే బాపతు. మీ ఆయన కాగితంలో బురైదా తోట కూలి, మనిషి ఖతీఫ్‌లో ఏసీ మెకానిక్.

నీకు తెలిసిందే. అయినా నన్ను చెప్పనీ. వరసగా చెప్పకపోతే నా నోట రాదు.

క్షమాభిక్ష గడువు నవంబరు మూడు. ఆ లోపల దేశం దాటితే శిక్ష లేదు, కొత్త వీసా మీద మళ్ళా రావచ్చు. దాటకపోతే పట్టుకోని తర్హీల్లో, దేశం నుంచి తరిమేసే జైల్లో వేస్తారు, వేలిముద్రలు తీసి పంపిస్తారు, ఇంగ ఈ గడప తొక్కేది లేదు. మీ ఆసుపత్రి కాంట్రాక్టరు నోయెల్‌కు కొత్త వీసా సిద్ధం చేసి పెట్టుండె. పోయి రావడమే. నీకు ఏడో నెల. కాన్పు నాటికి పక్కన ఉంటానని నీకు మాటిచ్చినాడు.

ఆయన పాస్‌పోర్టు బురైదా కఫీలు దగ్గర్నుంచి తెప్పించి ఖురూజ్ ముద్ర వేయించే పని నాది. మా పిల్లోళ్ళందరి పనీ నాదే.

ఆ యేడు క్లబ్బులు ఎట్ల రాలిపోయినాయో చెప్పేదానికి నోరు రాదు. ఒక శుక్రవారం పదకొండు మంది వస్తే, తర్వాతి వారం ఏడుగురు. సూడానోళ్ళ క్లబ్బు పాయ. ఫిలిప్పీనోళ్ళు పాయ. కడాకు మేమూ, మలబారోళ్ళ క్లబ్బు ఒకటీ మిగిల్తిమి. ఫైనల్ నవంబరు ఒకటి, శుక్రవారం. ఇంగ ఛాంపియన్‌షిప్ ఉండదని అందరికీ తెలుసు.

ఆ దినం మలబారోళ్ళు తొమ్మిది మందే వచ్చినారు. ఇద్దరు తెల్లారి విమానంలో పోయినారంట. తొమ్మిది మంది మీద పదకొండు మందిమి ఆడినాం. చూసేదానికి నలభై మంది గూడా లేరు. హాఫ్ టైములో నోయెల్ నా దగ్గరికి వచ్చినాడు. చెమట, మొగమంతా ఉప్పు. 'భాయ్, నా పాస్‌పోర్టు వచ్చిందా?' అన్నాడు.

'రేపొస్తుంది. ఆడు' అంటి.

ఆడినాడు. ఆఖర్లో వాళ్ళకు పెనాల్టీ వస్తే ఎడమ పక్కకు ఎగిరి పట్టినాడు. ఒకటి సున్నా. గెలిస్తిమి.

శనివారం సీటు లేదు. ఆదివారం సీటు లేదు. ఏర్‌పోర్టులో జనం నేల మీద పండుకోనుండ్రి. సోమవారం ఎవరిదో రద్దయిన టికెట్టు దొరికితే బయల్దేరినాడు, దావలోనే పట్టుకున్నారు. నువ్వు ఏడో నెల కడుపుతో తర్హీల్ గేటు కాడ నిలబడితివి. ఆయన జాలీలోంచి పాస్‌పోర్టు చూపిస్తే అందులో ముద్ర తేదీ చూస్తివి. అక్టోబరు ఇరవై.

ఆనాడు నువ్వన్న మాట నా చెవుల్లో ఉంది. 'ఫైనల్‌కి పన్నెండు రోజుల ముందే ముద్ర పడింది. బంతి కోసం నన్నూ, నా కడుపులో బిడ్డనీ వదిలేశాడు అన్నయ్యా' అంటివి. నేను ఆయన పక్క చూస్తి. ఆయన నా పక్క చూసె. తల వంచుకునె.

ఆ పాస్‌పోర్టు ఆ పన్నెండు దినాలు యాడుంది షాలినమ్మా?

నా బల్ల సొరుగులో.

ఇరవయ్యో తేదీ సాయంత్రమే నా చేతికొచ్చింది. ఫైనల్ అయినాక ఇస్తాం, శనివారం విమానమెక్కిస్తాం, ఏం మునిగిపోతుందిలే అనుకుంటి. ఆయనకు తెలీదు. తర్హీల్లో ఆ తేదీ చూసినప్పుడే ఆయనకూ తెలిసింది.

ఉండు. ఇంకా ఉంది.

పంపించేసే ముందు దినం ఫోన్లో ఏడిస్తి. షాలినమ్మకు చెప్పేస్తా నోయెల్ అంటి. ఏమన్నాడో తెలుసా? 'వద్దు భాయ్. ఆవిడకి అక్కడ మీ ఇల్లు తప్ప ఎవరున్నారు? మీ మీద కోపమొస్తే మీ గుమ్మం తొక్కదు. ఒక్కత్తీ ఎలా కంటుంది? నన్నే తిట్టుకోనివ్వండి. పురుడయ్యాక చెబుదాం' అన్నాడు.

నిజమే గదా? నీ కాన్పు అమీరున్నీసానే చూసె. నలభై దినాలు నీకు పథ్యం వండె. పాపకు తొలి స్నానం ఆమె చేతిమీదే. ఆమెకు గూడా ఇది తెలీదు తల్లీ, ఆమెను ఏమీ అనొద్దు.

పురుడయ్యె. నేను చెప్పలా. నామకరణం అయినాక అనుకుంటి. పాప నడిచినాక అనుకుంటి. నువ్వు ఆయన ఫోన్ తీసేది మానేస్తివి. సెలవుకు పోయినా మీ అమ్మింటికి పోయి వస్తాంటివి. అప్పుడన్నా చెప్పాల్సింది. నువ్వు 'అన్నయ్యా' అని పిలిచి టీ ఇస్తాంటే, ఆ పిలుపు పోతుందని భయం. నాలుగేండ్లమ్మా! ఆయన పాలకొల్లుకు తొమ్మిది మైళ్ళ దూరంలో ఫ్రిజ్జులు బాగు చేసుకుంటా ఉండాడు. బిడ్డ బడి వదిలే వేళకు రోడ్డవతల నిలబడి చూసి పోతాడంట. దగ్గరికి పోడు. నువ్వు వద్దంటివి గదా.

ఏడువమ్మా. నన్ను కొట్టినా సరే.

సరే. నేనేమీ అడగను. మన్నించు అనే మాట నాలిక చివరిదాకా వస్తాంది, మింగుతాండా. అడిగే అర్హత యాడుంది?

ఈ చీటీలో ఆయన కొత్త నంబరు రాసినా. చేస్తావో, చెయ్యవో నీ ఇష్టం. చేస్తే మాత్రం, మొదట పాప సంగతి అడుగుతాడు, తర్వాత 'దిలావర్ భాయ్ ఎలా ఉన్నాడు' అంటాడు. అడుగుతాడు, నాకు తెలుసు, వాని గుణమే అంత.

పోయినాడని చెప్పు. అంతే చాలు.